మంచం కాదు, మంచం బొమ్మ

కిందటేడు మా డాబా మీదకి ఒక నులక మంచం కొన్నాను. కొట్టువాడు దాన్ని 'ఎత్నిక్' అన్నాడు. టేకు కోళ్ళు, తెల్లటి నైలాను తాడు, చూడ్డానికి భలేగా ఉంది. రేటు ఇక్కడ రాయను, మా ఆవిడ చదువుతుంది. ఆర్నెల్లు తిరక్కుండానే నడుం పడిపోయింది. మంచానిదీ, నాదీ.

వాకబు చేస్తే మార్కెట్ దగ్గర మంచాలల్లే పెద్దాయన ఒకాయన దొరికాడు. మంచాన్ని తిరగేసి చూసి, "బిగింపు తాళ్ళేవి బాబూ?" అన్నాడు. నేను వెర్రిమొహం వేశాను.

సంగతేమిటంటే, నులక మంచంలో అల్లిక కాళ్ళవైపు చివరిదాకా పోదు. అక్కడ కొంత ఖాళీ వదిలి, అల్లికని తాడుతో పట్టెకి లాగి కడతారు. వాడగా వాడగా నులక సాగుతుంది. సాగినప్పుడల్లా ఆ తాడు బిగించుకుంటే చాలు. మా భాషలో చెప్పాలంటే మెయింటెనెన్స్ ని డిజైన్ లోనే పెట్టేశారు. నా మంచం చేసినవాళ్ళు స్క్రీన్ షాట్ చూసి కాపీ కొట్టారు, కోడ్ చదవలేదు.

వట్టివేళ్ళ తడికలదీ ఇదే కథ. తడిపితే నీరు ఆవిరవుతూ గాలిని చల్లబరుస్తుంది. హైదరాబాదు పొడి ఎండల్లో బాగా పనిచేస్తుంది, విశాఖ ఉక్కపోతలో అంతగా పనిచెయ్యదు. ఈమధ్య ఒక రిసార్టులో చూశాను, అలంకారానికి పొడిగా వేలాడదీశారు! అరుగు కూడా అంతే. చూరు నీడన, దారినపోయేవాళ్ళు కూడా కూర్చునేలా వీధివైపు ఉండేది. గేటు లోపల కట్టి కాపలా పెడితే అది అరుగెలా అవుతుంది?

పాతవన్నీ గొప్పవని నేననను. నులక మంచాల్లో నల్లులుండేవి, వానకి తడిస్తే నులక కుళ్ళేది. నైలాను వాడితే తప్పేం లేదు. కానీ అది ఎందుకలా ఉందో తెలిసినవాణ్ణి అడిగి మార్చాలి కదా!

ఇక అసలు విషయం. కొట్లో మారుమాట్లాడకుండా కార్డు గీకిన నేను, పెద్దాయన కూలి చెప్పగానే వంద తగ్గించమన్నాను. తగ్గించాడు. వెళ్తూ వెళ్తూ, "మా పిల్లలెవరూ నేర్చుకోలేదు బాబూ, దీన్లో ఏముందని" అన్నాడు. దీన్లో ఏమీ లేకుండా చేస్తున్నది నాలాంటివాళ్ళమే అని అప్పటికిగానీ వెలగలేదు.

మంచం ఇప్పుడు బిర్రుగా ఉంది. ఆ వంద ఇచ్చేద్దామని తర్వాత రెండుసార్లు వెళ్ళాను, ఆయన కనపడలేదు. మీ ఊళ్ళో నులక అల్లేవాళ్ళున్నారా? ఉంటే బేరమాడకండి.