జ్యోతి యర్రాజి దారి, మన ఆడపిల్లల దారి

2025 మే 29న దక్షిణ కొరియాలోని గుమి నగరంలో విశాఖపట్నం అమ్మాయి జ్యోతి యర్రాజి 100 మీటర్ల హర్డిల్స్‌ను 12.96 సెకన్లలో ముగించి ఆసియా చాంపియన్‌షిప్ స్వర్ణం గెలిచింది. 2023లో బ్యాంకాక్‌లో గెలిచిన స్వర్ణాన్ని ఆ విధంగా నిలబెట్టుకుంది. అదే ఏడాది జూలైలో మోకాలికి గాయమై ఆమె పరుగుకు విరామం వచ్చింది. అందువల్ల ఆగస్టులో భువనేశ్వర్ కళింగ స్టేడియంలో జరిగిన అంతర్జాతీయ పోటీల్లో ఆమె దిగలేకపోయింది.

జ్యోతి మాట వచ్చినప్పుడల్లా కోరాపుట్, రాయగడ జిల్లాల మన ఇళ్లలో "మన తెలుగు పిల్ల" అంటాం. ఒడియా ఇరుగుపొరుగువారు "మా భువనేశ్వర్‌లో తయారైన పిల్ల" అంటారు. రెండూ నిజమే. ఆమె ఎవరి పిల్ల అని తేల్చుకోవడం కన్నా, ఆమె ఏ దారిన వెళ్లిందో చూడటం మనకు ఎక్కువ పనికొస్తుంది.

జ్యోతి 1999లో పుట్టింది. తండ్రి సెక్యూరిటీ గార్డు. తల్లి ఇళ్లలో పనులు చేస్తూ, ఆసుపత్రిలో శుభ్రం చేసే పనికీ వెళ్లేవారు. విశాఖ పోర్ట్ హైస్కూల్లో చదివేటప్పుడు పిల్ల పొడవు చూసి హర్డిల్స్‌కు పనికొస్తుందని గుర్తించింది అక్కడి వ్యాయామ ఉపాధ్యాయుడు. 2016లో హైదరాబాద్‌లో కోచ్ ఎన్. రమేశ్ దగ్గర చేరింది. ఆ తర్వాత గుంటూరులో కొంతకాలం ఉండి, 2019లో భువనేశ్వర్‌లోని ఒడిశా ప్రభుత్వం, రిలయన్స్ ఫౌండేషన్ కలిసి నడిపే శిక్షణ కేంద్రానికి వెళ్లింది. అక్కడ కోచ్ జేమ్స్ హిల్లియర్. శిక్షణ ఒడిశాలో తీసుకున్నా 2022 జాతీయ క్రీడల్లో ఆంధ్రప్రదేశ్ తరఫున పరుగెత్తి 100 మీటర్ల పరుగు, హర్డిల్స్ రెండింటిలోనూ స్వర్ణాలు తెచ్చింది. 2023 హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో రజతం గెలిచింది. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో 100 మీటర్ల హర్డిల్స్‌లో దిగిన తొలి భారతీయురాలు ఆమే.

ఈ దారి ఒక వైపే లేదు. జాజ్‌పూర్ జిల్లా చాకా గోపాల్‌పూర్‌లో నేత కుటుంబంలో పుట్టిన ద్యుతీ చంద్ ఇటు నుంచి హైదరాబాద్ వెళ్లి, అదే రమేశ్ గారి దగ్గర శిక్షణ పొందింది. శరీరంలో హార్మోన్ ఎక్కువగా ఉందంటూ 2014లో ఆమెను పోటీల నుంచి తప్పిస్తే, అంతర్జాతీయ క్రీడా న్యాయస్థానం దాకా వెళ్లి 2015లో ఆ నిబంధననే నిలుపు చేయించింది. 2018 జకార్తా ఆసియా క్రీడల్లో రెండు రజతాలు గెలిచింది. ఒడియా పిల్లను తెలుగు కోచ్ తీర్చిదిద్దితే, తెలుగు పిల్లను ఒడిశా మైదానం నిలబెట్టింది.

ఆఫీసు కాగితాల మధ్య ఏళ్లు గడిపిన మావంటి వాళ్లకు జ్యోతి కథలో ఇంకో విషయం కంటపడుతుంది. 2002లో ఒడిశా క్రీడాకారిణి అనురాధా బిశ్వాల్ 13.38 సెకన్లతో జాతీయ రికార్డు పెట్టారు. జ్యోతి 2020లోనే అంతర్ విశ్వవిద్యాలయ పోటీల్లో 13.03లో పరుగెత్తింది. కానీ అక్కడ డోపింగ్ పరీక్ష జరగలేదు, అథ్లెటిక్స్ సమాఖ్య పరిశీలకుడు లేడు. ఆ సమయం రికార్డుకెక్కలేదు. 2022 ఏప్రిల్‌లో కోజికోడ్‌లో 13.09లో ముగించింది. వెనుక గాలి సెకనుకు 2 మీటర్లు మించకూడదు, ఆ రోజు 2.1 ఉంది. అదీ చెల్లలేదు. చివరికి 2022 మే 10న సైప్రస్‌లో 13.23తో ఇరవై ఏళ్ల రికార్డు చెరిగింది. అంతకన్నా వేగంగా రెండుసార్లు పరుగెత్తిన పిల్ల, కాగితం మీదకు ఎక్కడానికి మూడోసారి పరుగెత్తాల్సి వచ్చింది. మరోవైపు డోపింగ్ పరీక్షలో దొరికిన ద్యుతీకి 2023లో నాలుగేళ్ల నిషేధం పడింది. కాళ్లలో ఎంత సత్తువ ఉన్నా నిబంధన తెలియకపోతే కష్టం బూడిదపాలే.

ఇక మన సంగతికి వద్దాం. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ఏర్పడే వరకు ఈ ప్రాంతం మద్రాసు రాజధానిలోని విశాఖపట్నం జిల్లాలో ఉండేది. 1992లో రాయగడ విడి జిల్లా అయింది. మన తాతముత్తాతలు ఇక్కడే స్థిరపడ్డారు. రేషన్ కార్డు, ఓటు ఇక్కడే. పెళ్లికో, వైద్యానికో విశాఖ వెళతాం. కోరాపుట్ నుంచి విశాఖ సుమారు 200 కిలోమీటర్లు, భువనేశ్వర్ దాదాపు 500. ఈ కారణంగానే పిల్ల పరుగులో చురుకుగా ఉందని మాస్టారు చెప్పినా "ఎటు పంపాలి" అన్న దగ్గరే చాలా ఇళ్లలో మాట ఆగిపోతుంది. ఆలోచించేలోగా పదో తరగతి పరీక్షలు వస్తాయి. ఆ తర్వాత పిల్ల చెప్పులు తప్ప బూట్లు వేయదు.

ఎటు పంపాలన్నది మొదటి మెట్టు దగ్గర రావాల్సిన ప్రశ్న కాదని మా సంఘం అభిప్రాయం. జాతీయ అంతర్ జిల్లా జూనియర్ అథ్లెటిక్స్ పోటీల్లో 14, 16 ఏళ్ల లోపు పిల్లలు జిల్లా పేరుతోనే దిగుతారు. కోరాపుట్ పిల్ల కోరాపుట్ పేరుతో, రాయగడ పిల్ల రాయగడ పేరుతో. ఇంట్లో తెలుగు మాట్లాడినంత మాత్రాన ఆ బనియను మనది కాకుండా పోదు. జిల్లా జట్టులో నిలదొక్కుకున్నాక భువనేశ్వరా, హైదరాబాదా అన్నది చూసుకోవచ్చు. జ్యోతికి మొదటి మెట్టు ఇంటి దగ్గరి బడిలోనే దొరికింది.

అందుకు కావలసింది కాగితాలు సరిగా ఉండటం. ఇంటి పేరు ముందు రాయడం మన అలవాటు. బడి రిజిస్టరులో ఒక తీరు, ఆధార్‌లో ఇంకో తీరు, ఒడియా నుంచి ఇంగ్లీషుకు మార్చినప్పుడు మూడో తీరు పేరు పడితే, వయసు నిర్ధారణ వేళ పిల్ల పక్కన నిలబడాలి. జనన ధ్రువపత్రం, ఆధార్, బడి రికార్డులో పేరు, పుట్టిన తేదీ ఒకేలా ఉన్నాయో లేదో ఆరో తరగతిలోనే సరిచూసుకోండి. తహసీల్దారు ఇచ్చే నివాస ధ్రువపత్రం ముందే తీసి ఉంచండి. దరఖాస్తు నింపడం కష్టమైతే మా దగ్గరకు రండి, ఆ పని మాకు బాగా వచ్చు. జలుబు మందైనా, బలం పొడైనా కోచ్‌కు చెప్పకుండా పిల్లకు ఇవ్వకండి.

సంఘం పెద్దలకూ ఒక మాట. ఉగాదికి, దసరాకు వేదిక, భోజనాలు చేస్తున్నాం, మంచిదే. ఆ చందాలో కొంత తీసి, ఏటా ఇద్దరు ముగ్గురు ఆడపిల్లలకు బూట్లు, ఎంపిక పోటీలకు తోడుగా వెళ్లే పెద్దావిడకు ప్రయాణ ఖర్చు ఇవ్వగలం. పిల్లను ఒంటరిగా ఎలా పంపాలన్న తల్లి భయానికి అంతకన్నా నమ్మకమైన జవాబు మాకు తోచలేదు. వచ్చే సమావేశంలో ఈ ప్రతిపాదన పెడుతున్నాం. ఆడపిల్లల తల్లులు కూడా వచ్చి మాట్లాడాలని కోరుతున్నాం.