సంపాదకుని మాట: పురిటి గదికి డాక్టరమ్మ

పుదుచ్చేరిలోని మన మూలకుళంలో ఇప్పుడు కాన్పు భయం తగ్గింది. నొప్పులు మొదలైతే ఆటో ఎక్కితే చాలు, పక్కనే ఎల్లైపిళ్ళైచావడిలో ప్రభుత్వ స్త్రీ, శిశు ఆసుపత్రి. ప్రైవేటు ప్రసూతి ఆసుపత్రులూ ఉన్నాయి. ఆసుపత్రిలో పురుడు పోసుకోవడం ఒకప్పుడు ఇంత తేలిక కాదు. అది తెలుగు ఇళ్ళకు ఎలా అలవాటైందో ఒక ఉదాహరణ చూడాలంటే గుంటూరు దాకా వెళ్ళాలి.

డాక్టర్ అన్నా సారా కుగ్లర్ 1883లో అమెరికా నుంచి గుంటూరు వచ్చారు. వైద్యం చదివిన మనిషే అయినా లూథరన్ మిషన్ ముందు బడి పని అప్పజెప్పింది. అయినా ఆమె రోగులను చూడడం మానలేదు. 1885లో మిషన్ ఆమెను వైద్యురాలిగా నియమించింది. 1893లో డిస్పెన్సరీ, 1897లో ఆడవాళ్ళకూ పిల్లలకూ ఆసుపత్రి వెలిశాయి. సర్కారుది కాదు, చందాలతో కట్టింది.

భవనం కట్టడం ఒక ఎత్తు, పురిటి మనిషిని గడప దాటించడం ఒక ఎత్తు. మగ డాక్టరు చేయి పట్టి చూడడానికి వీల్లేదు, పరమతస్థుల చేతి మందు తాగితే మైల అని ఇంకో భయం. ఆ భయాన్ని మొండితనం అని తీసిపారేయడం నాకు అన్యాయంగా తోస్తుంది. ఏలూరు రాణి చిన్నమ్మ కుగ్లర్ వైద్యంతో కోలుకున్నాక పెద్దింటి తలుపులు తెరుచుకున్నాయి. ఆమె భర్త రాజా భుజంగరావు ఆసుపత్రికి ఎదురుగా హిందూ రోగుల బంధువులకు సత్రం కట్టించారు. రోగి దగ్గరే ఉండి, తమ ఆచారం తప్పకుండా వండుకునే వీలు దొరికింది. వైద్యం నిలదొక్కుకోవడానికి మందులెంత అవసరమో ఆ పొయ్యీ అంతే అవసరమని నా నమ్మకం.

కుగ్లర్ 1930లో గుంటూరులోనే కన్నుమూశారు. ఆసుపత్రి ఆమె పేరుతోనే నిలిచింది. మీ ఇంట మొదటిసారి ఆసుపత్రిలో పురుడు పోసుకున్నదెవరో, ఎవరు ఒప్పించారో రాసి పంపండి. వచ్చే సంచికలో వేస్తాం.