హంసకు న్యాయం జరగాలి

పాలనూ నీళ్ళనూ వేరుచేసే హంస సంగతి వినకుండా మన కాలేజీలో పట్టా పుచ్చుకున్నవాడు ఉండడు. స్వాగత సభలో ముఖ్య అతిథి చెబుతాడు, వీడ్కోలు సభలో అధ్యక్షులవారు చెబుతారు, మధ్యలో వ్యాసరచన పోటీలో మనమే రాస్తాం. విద్యార్థి అన్నవాడు హంసలాగా మంచిని గ్రహించి చెడును వదిలెయ్యాలట. బాగానే ఉంది. కాని ఆ హంస ఎక్కడుంటుంది, ఏం తింటుంది, ఎన్ని గుడ్లు పెడుతుంది అని అడిగి చూడండి. తెలుగు శాఖవారు జంతుశాస్త్రం వైపు, జంతుశాస్త్రం వారు తెలుగు శాఖ వైపు చూస్తారు. ఇద్దరి మధ్యా పడి పాపం ఆ పక్షి దిక్కులేనిదైంది. అందుకే ఈ నాలుగు ముక్కలూ.

ముందు దాని పుట్టుపూర్వోత్తరాలు. యజుర్వేదంలో నీళ్ళలోంచి పాలను వేరుచేసి తాగిన పక్షి క్రౌంచం. హంస వేరుచేసింది సోమరసాన్ని. తర్వాతి కాలంలో క్రౌంచం చేసే పని కూడా హంసకే బదిలీ అయింది. ఇక తెలుగులో హంసకు మాటలు నేర్పిన ఊరు మన రాజమహేంద్రవరమే. రాజరాజనరేంద్రుడి కొలువులో నన్నయభట్టు ఆరణ్యపర్వంలో నలోపాఖ్యానం చెప్పినప్పుడు, నలుడి తరఫున దమయంతి దగ్గరికి వెళ్ళింది హంసే కదా! ఆ తర్వాత శ్రీనాథుడి నైషధంలో హంస, పింగళి సూరన ప్రభావతీ ప్రద్యుమ్నంలో శుచిముఖి. చదువుకున్న హంసలకు మన సాహిత్యంలో లోటు లేదు.

మరి పాలూ నీళ్ళ మాటేమిటి? ఆవుపాలలో 100 పాళ్ళకు 87 పాళ్ళు నీళ్ళే. మిగతా కొవ్వు, మాంసకృత్తులు, చక్కెర అందులో ఎంత సన్నగా కలిసిపోయి ఉంటాయంటే, ఏ పక్షి ముక్కూ వాటిని వడకట్టలేదు. అలాగని ఈ కథ ఊరికే గాలిలోంచి పుట్టిందని నేననను. కోతలయ్యాక మన చేలల్లోకి తోలే బాతుల మందను ఓ పది నిమిషాలు నిలబడి చూడండి. వాటి ముక్కు అంచున దువ్వెన పళ్ళలాంటివి ఉంటాయి. బురదనీళ్ళు నోటినిండా తీసుకుని, నీళ్ళు పక్కలనుంచి వదిలేసి, గింజనూ పురుగునూ నిలుపుకుంటాయి. చూసినవాడెవడో ఉన్నదే చెప్పాడు. విన్నవాడు దాన్ని పాలు చేశాడు. తామరతూడు విరిస్తే కారే తెల్లటి రసమే ఈ 'పాలు' అయివుంటుందని ఊహించిన పండితులూ ఉన్నారు.

ఇంతకీ ఆ పక్షి ఏది? క్యాలెండర్లలో మెడ వంపుకుని తేలే తెల్లటి పక్షి యూరప్, మధ్య ఆసియా చెరువులది. మన దేశపు వాయవ్య మూలకు ఎప్పుడైనా దారితప్పి వచ్చే చుట్టం, అంతే. మన పాత సాహిత్యంలోనూ శిల్పంలోనూ ఉన్న హంస పెద్దబాతేనని డచ్చి పండితుడు ఫోగెల్ 1962లో ఒక పుస్తకమే రాశాడు. దానికి బాగా సరిపోయేది తల వెనక రెండు నల్లపట్టీలున్న బూడిదరంగు బాతు. ఇంగ్లీషువాళ్ళు 'బార్ హెడెడ్ గూస్' అంటారు. టిబెట్, మంగోలియా సరస్సుల దగ్గర నాలుగైదు గుడ్లు పెట్టుకుంటుంది. చలికాలానికి హిమాలయాలు దాటి మన దేశానికొచ్చి, కర్ణాటకలోని మాగడి చెరువు దాకా దిగుతుంది. ఉపగ్రహం సాయంతో వెంబడించిన శాస్త్రజ్ఞులు అది 7,000 మీటర్లకు పైన ఎగరడం నమోదు చేశారు. పలచటి గాలిలోంచి కూడా ప్రాణవాయువును గట్టిగా పట్టుకునే గుణం దాని రక్తంలో ఉంది. నీళ్ళలోంచి పాలు తియ్యలేదు గాని, గాలి ఆడని చోట గాలి తీసుకుంటుంది! ఈ నిజం ముందు ఆ కల్పన ఏపాటి?

"కవిసమయాన్ని కత్తెరతో కోస్తావేమిటయ్యా?" అని తెలుగు మాష్టార్లు కోప్పడవచ్చు. హంసను కావ్యాల్లోంచి వెళ్ళగొట్టమని నేననడం లేదు. లేని హంసను నెత్తిన పెట్టుకుని, ఉన్న పక్షిని కళ్ళెత్తి చూడకపోవడమే నాకు బాధ. ఆ బాధ ఊహాలోకపుది కాదు, మన గుమ్మం ముందుదే.

గోదావరి, కృష్ణా డెల్టాల నడుమ కొల్లేరు ఉంది. 1946లో ఆ ప్రాంతంలో సుమారు 3,000 గూడబాతులు గూళ్ళు కట్టుకుని ఉండగా చూసి లోకానికి చెప్పినవాడు కె.కె. నీలకంఠన్. 'ఇందుచూడన్' పేరుతో మలయాళంలో పక్షుల పుస్తకాలు రాసిన ఇంగ్లీషు మాష్టారాయన. జంతుశాస్త్రం ఆయన ఉద్యోగం కాదు. కళ్ళు తెరిచి చూశాడు, లెక్కపెట్టాడు, రాశాడు. అప్పటికి దేశంలో తెలిసినవాటిలో అదే పెద్ద స్థావరం. 1975 ప్రాంతాలకల్లా అది మాయమైంది. దానికోసం ఏ సభలో ఎవరు రెండు నిమిషాలు మౌనం పాటించారు గనక? హంస మీద మాత్రం ఉపన్యాసాలు ఆగలేదు.

ఆ తర్వాత 1999లో కొల్లేరును అభయారణ్యం చేశారు. 2002లో రాంసర్ జాబితాలో చేర్చారు. 2006లో చేపల చెరువుల గట్లు పేల్చారు. గట్లు మళ్ళీ లేచాయి. ఆటపాకలో ఇనుప స్టాండ్లు నిలబెడితే గూడబాతులు వాటిమీద పిల్లల్ని లేపుతున్నాయి. చెరువుల మీద బతికే కుటుంబాల గోడు అబద్ధం కాదు. బుడమేరు, తమ్మిలేరు పొంగితే ఆ నీటిని పట్టే పళ్ళెం కొల్లేరేనన్నదీ అబద్ధం కాదు. ఐదో కాంటూరా, మూడో కాంటూరా అన్న వాదంలో పాలేవో నీళ్ళేవో తేల్చడానికే గదా మనకు హంస వివేకం కావలసింది? ఆ వివేకం సభావేదిక మీద దొరకదు. గట్టు మీద నిలబడి లెక్కపెడితే దొరుకుతుంది.

అందుచేత మన యూనియన్‌కు నాదొక మనవి. 1987 నుంచి ఆసియా దేశాల్లో ప్రతి జనవరిలోనూ నీటిపక్షుల లెక్క తీస్తున్నారు. వార్షికోత్సవం దండల ఖర్చులో కొంత మిగిల్చి, ఏటా జనవరిలో ఒక్క ఆదివారం ఒక్క బస్సు కొల్లేరుకు నడపండి. అందులో తెలుగువాళ్ళూ జంతుశాస్త్రం వాళ్ళూ పక్కపక్కన కూర్చోవాలి. ఆ లెక్కను మరుసటేడు ఈ సంచికలోనే ఒక పేజీలో అచ్చువెయ్యండి. పదేళ్ళ లెక్క ఒకచోట చేరితే, కొల్లేరు గురించి ఎవరేం చెప్పినా అందులో పాలెంతో నీళ్ళెంతో మన పిల్లలే తేల్చి చెబుతారు.