ఱాతిదుమ్ము – క్షయయను పేరు

క్షయరోగుల పాలిటికి మదనపల్లె యొకనాడు పుణ్యక్షేత్రము. శతాబ్దికి పూర్వము వెలసిన ఆరోగ్యవరము శానటోరియమునకు దూరదేశములనుండియు రోగులు వచ్చిరి. 1948లో బి.సి.జి. టీకా పని దేశమున మొదలైనప్పుడు మదనపల్లెయే ముందు నిలిచెను. ఇట్టి ఖ్యాతిగల సీమయందు, క్షయవలె కనబడు వేఱొక వ్యాధిని గూర్చి మనము మౌనము వహించుట తగదు.

దాని పేరు సిలికోసిసు. ఱాతిని తొలుచునప్పుడు లేచు సన్నని ధూళి ఊపిరితిత్తులలో దిగి మచ్చలు గట్టును. ఆ మచ్చలను మాన్పు మందు లేదు. దగ్గు, ఆయాసము, కృశించుట – చూపునకంతయు క్షయయే. పైగా, ధూళి దిగిన రొమ్మున నిజమైన క్షయయు సులభముగా చేరును. మన దేశమున నీవ్యాధి తొలుత 1947లో, కుప్పమునకు పొరుగుననున్న కోలారు బంగారుగనులలో బయటపడెనని వైద్యగ్రంథములు తెలుపుచున్నవి. 2001లో ఆ గనులు మూతపడెను. సయనైడు కలిసిన మంటిగుట్టలు మాత్రము నిలిచినవి. బంగారము పోయినది, ధూళి మిగిలినది.

నేడు కుప్పము గ్రానైటునకు దేశాంతరములలో గిరాకి గలదు. ఆ ఱాతిని తొలుచువాడెవడు? పుంగనూరు, మదనపల్లె ప్రాంతముల తండాలలోని సుగాలీలు, ఊరిబయటి యానాదులు, ఎఱుకలవారు – భూమిలేక కూలినే నమ్మినవారికి పని యేర్పఱచుకొను స్వేచ్ఛ యెక్కడిది? మేస్త్రి పిలిచిన చోటికి పోవు కూలివాని పేరు తరచుగా హాజరుపట్టీకెక్కదు. పేరు లేనిచో పనిచేసిన రుజువు లేదు. వ్యాధికి క్షయయని పేరుపెట్టినచో పరిహారమును లేదు. చట్టము దీనిని వృత్తిరోగముగా నంగీకరించియు వానికి ఫలమేమి?

క్వారీలు మూసిన కూలివాని కడుపు నిండుటెట్లని కొంద ఱడుగుదురు. మూయుమని మేమనము. నీళ్లు చల్లుచు తొలిచినచో దుమ్ము చాలవఱకు అణగును. దగ్గుతో వచ్చిన ప్రతివానిని వైద్యుడు “నీవేమి పని చేసితివి?” అని యడుగవలయును. 2015 చట్టసవరణచే నేర్పడిన జిల్లా ఖనిజనిధి గనిప్రాంతముల ప్రజల మేలునకై యుద్దేశింపబడినది. దానిలో కొంత తండాలలో ఎక్సురే పరీక్షలకు వెచ్చింపవలయును. రాజస్థాన ప్రభుత్వము 2019లో ఈ రోగులకై ప్రత్యేకవిధానమును ప్రకటించినది. ఆ మార్గము మనకును అనుసరణీయము.

భూస్వాములకు నొకమాట. తమ పట్టాభూమిలో క్వారీకి సమ్మతించునాడే తడిపి తొలువవలెననియు, ప్రతి కూలిపేరు పట్టీకెక్కవలెననియు షరతు పెట్టుడు. ఒక్క సంతకముతో నగు పని యిది. ఱాతికి వెల గట్టువారు, దానిని తొలిచిన యూపిరికిని వెల గట్టుట న్యాయము.