బోర్డు కంపెనీది, బరువు ఇల్లాలిది

వీధి చివరి చిన్న కొట్టు పెద్ద దుకాణంతో ఒంటరిగా పోటీ పడలేదు. పది కొట్లు కలిస్తే పడగలవు. నెదర్లాండ్స్‌లో 1932లో ఆడ్రియాన్ వాన్ వెల్ అనే టోకు వ్యాపారి చేసిందదే. విడివిడిగా ఉన్న కొట్లవాళ్ళను ఒకే పేరు కిందికి తెచ్చాడు. అదే నేటి 'స్పార్'. ఎవరి కొట్టు వాళ్ళదే. సరుకు మాత్రం అందరికీ కలిపి కొంటారు, ధర కలిసొస్తుంది.

అయితే అన్ని బోర్డులూ ఒక్కలాంటివి కావు. జపాన్ సంగతి చూడండి. 1974లో టోక్యోలో తెరిచిన అక్కడి మొదటి సెవెన్ ఇలెవెన్, అంతకుముందు ఒక కుటుంబం నడుపుకునే మద్యం దుకాణమే! తర్వాత అలాంటివి వేలకొద్దీ వచ్చాయి. పేరూ పద్ధతీ కంపెనీవి. కొన్న ధర పోగా మిగిలిన లాభంలో కంపెనీ వాటా తీసుకుంటుంది. పనివాళ్ళ జీతాలు మాత్రం యజమాని తన వాటాలోంచే ఇచ్చుకోవాలి. మరి పనివాడు రాని రాత్రి గల్లాపెట్టె దగ్గర నిలబడేదెవరు? ఇంకెవరు, ఇంట్లోవాళ్ళే!

హిగాషి ఒసాకాలో ఒకాయన, భార్యతో కలిసి అలాంటి కొట్టే నడిపేవాడు. ఇరవైనాలుగు గంటలూ తెరిచి ఉంచాలని ఒప్పందం. 2018లో ఆమె క్యాన్సర్‌తో పోయింది. పనివాళ్ళు దొరక్క, 2019 ఫిబ్రవరి నుంచి రాత్రి ఒంటిగంటకు మూసి ఉదయం ఆరింటికి తెరవడం మొదలుపెట్టాడు. ఒప్పందం రద్దు చేస్తామనీ, 1 కోటి 70 లక్షల యెన్లు కట్టాల్సి వస్తుందనీ కంపెనీ హెచ్చరించింది. దేశమంతా గగ్గోలైంది. ఆ ఏడాది చివర ఒప్పందం రద్దు చేసి, కొనేవాళ్ళ ఫిర్యాదులే కారణమంది కంపెనీ. 2022లో కోర్టు కూడా కంపెనీ వైపే తీర్పిచ్చింది. కానీ ఆయన పోరు ఊరికే పోలేదు. మిగతా కొట్లకు రాత్రిపూట మూసుకునే వీలు దొరికింది.

ఆ ఇల్లాలు పడ్డ చాకిరీకి ఏ లెక్కలోనూ చోటు లేదు. ఆమె పోయాకే దాని విలువ తెలిసింది.

మన ఊళ్ళలోనూ "మీ కొట్టుకు మా బోర్డు పెట్టుకోండి" అని అడిగే కంపెనీలున్నాయి. వద్దనక్కర్లేదు. లాభం ఉంటే మంచిదే. కానీ ఆయన సంతకం పెట్టేముందు ఆ కాగితం మీరూ చదవండి. ఇంగ్లీషులో ఉంటే తెలిసినవాళ్ళతో చదివించుకోండి. కొట్టు వేళలు నిర్ణయించేదెవరు? కంపెనీ వాటా అమ్మకం మీదా, లాభం మీదా? పాడైన సరుకు నష్టం ఎవరిది? ఇంట్లో జబ్బు చేస్తే మూసుకోవచ్చా? మధ్యలో మానుకుంటే ఎంత కట్టాలి?

ఇంకో మాట. కొట్లో మీరు కూర్చునే గంటలకు కూడా జీతం వేసి చూడండి. అది తీసేశాక ఏమైనా మిగిలితేనే దాన్ని లాభం అనాలి. "మన కొట్టే కదా, జీతమేమిటి?" అని ఇంట్లో నవ్వితే నవ్వనివ్వండి. లెక్క మాత్రం రాసి పెట్టండి.