పిప్పరమెంటు కర్రకు అబద్ధ సాక్ష్యం ఎందుకు?



డిసెంబరు వచ్చింది. ఇళ్ల మీద స్టార్లు వెలిగాయి. అరిసెలకు బియ్యం నానుతున్నాయి, గులాబీ పువ్వుల అచ్చులు అటక దిగాయి. ఈమధ్య వీటికి తోడు ఇంకొకటి చేరింది. యూట్యూబ్ చూసి మన సహోదరీలు, యవనస్థులు ఎర్రచారల పిప్పరమెంటు కర్రలు, అంటే క్యాండీ కేన్లు, ఇంట్లోనే చేస్తున్నారు. క్రిస్మస్ చెట్టుకు తగిలిస్తున్నారు, సండే స్కూల్ పిల్లలకు పంచుతున్నారు. సంతోషం. నా అభ్యంతరం మిఠాయి మీద కాదు, దానితోపాటు పంచే కథ మీద.

ఆ కథ మీ వాట్సాప్‌లోకీ వచ్చే ఉంటుంది. అమెరికాలోని ఇండియానాలో ఒక మిఠాయివాడు క్రీస్తును ప్రకటించాలని దీన్ని తయారుచేశాడట. తిరగేస్తే ఇంగ్లీషు 'జె' అక్షరం, అది జీసస్ పేరట. తెలుపు ఆయన పరిశుద్ధత, ఎరుపు ఆయన రక్తం, గట్టిదనం మన ఆశ్రయదుర్గమట. వినడానికి ఎంతో బాగుంది. కానీ దానికి ఆధారం లేదు. ఆ మిఠాయివాడి పేరు, ఊరు, సంవత్సరం ఎవరూ చూపించలేదు. 1670లో జర్మనీలోని కొలోన్ నగరంలో గాయకబృందం పిల్లలు అల్లరి చేయకుండా పంచారనే కథదీ అదే పరిస్థితి.

తెలిసిన చరిత్ర మామూలుగానే ఉంది. జార్జియా రాష్ట్రంలోని ఆల్బనీలో బాబ్ మెక్‌కార్మక్ అనే వ్యాపారి 1919లో మిఠాయి కంపెనీ పెట్టాడు. వీటిని పెద్ద ఎత్తున అమ్మినవారిలో ఆయన ఒకడు. మొదట్లో ఒక్కొక్క కర్రనూ వేడిమీద చేత్తోనే వంచేవారు. ఆయన బావమరిది గ్రెగొరీ కెల్లర్ ఒక కాథలిక్ ఫాదర్. ఆయన 1950లలో ఈ పనికి యంత్రం కనిపెట్టాడు. అంతే.

"పాస్టర్ గారూ, మంచి కథే కదా, పిల్లలకు చెబితే నష్టమేంటి?" అని అడగవచ్చు. నష్టం ఉంది. మన దగ్గర ఏడేళ్లప్పుడు ఈ కథ విన్న బిడ్డ పదిహేనేళ్లకు ఫోనులో వెతుకుతాడు. అది కల్పన అని తెలుసుకుంటాడు. అదే సండే స్కూల్లో, అదే టీచర్ నోట బేత్లెహేము పశువులతొట్టి గురించి కూడా విన్నాడు కదా! మరి అది మాత్రం నిజమని ఎందుకు నమ్మాలి? ఒక పిప్పరమెంటు కోసం ఆ బిడ్డ విశ్వాసాన్ని పణంగా పెట్టడం న్యాయమా?

మనకు క్రిస్మస్ వృత్తాంతం రాసిచ్చిన లూకా, తాను అన్నిటినీ మొదటినుండి జాగ్రత్తగా విచారించి రాస్తున్నానని సువార్త ఆరంభంలోనే చెప్పాడు. యోబు గ్రంథం 13వ అధ్యాయం చదవండి. దేవుని పక్షాన నిలబడుతున్నామని చెప్పి అబద్ధాలాడతారా అని యోబు తన స్నేహితులను నిలదీశాడు. దేవునికి మన అబద్ధాల సహాయం అక్కరలేదు.

మరి కర్రను చూపించి క్రీస్తును గూర్చి మాట్లాడకూడదా? నిరభ్యంతరంగా మాట్లాడవచ్చు. "ఈ వంపు చూస్తే గొర్రెలకాపరి కర్ర గుర్తొస్తోంది" అంటే అది ఉపమానం. "అందుకోసమే దీన్ని చేశారు" అంటే అది చరిత్ర చెప్పడం, దానికి రుజువు కావాలి. మన ప్రభువు పులిసిన పిండిని, ఆవగింజను చూపించి పరలోకరాజ్యం గురించి బోధించాడు. వాటి గురించి లేని కథ అల్లలేదు. పైగా మన యేసు పేరులో 'జె' ఎక్కడుంది? కొత్త నిబంధన రాసిన గ్రీకులో కూడా ఆ పేరు 'ఇ' అక్షరంతోనే మొదలవుతుంది. కాపరి కర్ర అయితే మన పల్లెలో ప్రతి బిడ్డకూ తెలుసు.

నిజానికి చెప్పుకోవడానికి ఆ తయారీలోనే కావలసినంత ఉంది. అరకిలో పంచదారకు ఒక గ్లాసు నీళ్లు, అరచెక్క నిమ్మరసం. నిమ్మరసం పాకం పలుకు కట్టకుండా చూస్తుంది. అరిసెల పాకం దగ్గర ఆగితే ఇది కుదరదు. చన్నీళ్లలో వేసిన చుక్క పటుక్కున విరిగేదాకా, అంటే 150 డిగ్రీల దాకా కాగాలి. నూనె రాసిన పళ్లెంలో పోసి, పట్టుకోగలిగినంత చల్లారాక, తిరునాళ్లలో జీళ్లవాడు లాగినట్టు లాగి మడిచి, మళ్లీ లాగాలి. అద్దంలా ఉన్న పాకంలోకి గాలి చేరి తెల్లగా మెరుస్తుంది. సున్నం కలిపి తెల్లగా చేసింది కాదది, లాగగా లాగగా వచ్చిన తెలుపు. శ్రమలలో ఉన్న విశ్వాసికి ఈ ఒక్క సంగతి చాలదా? ఇది కళ్లెదుట కనిపించే నిజం.

ఒక హెచ్చరిక. ఈ పాకం మరిగే నీళ్లకంటే ఎంతో వేడి, పైగా చర్మానికి అంటుకుపోతుంది. చిన్నపిల్లలను పొయ్యి దగ్గరకు రానివ్వకండి. కాలితే చాలాసేపు చల్లని నీటిధార కింద ఉంచండి. ఇంకు, టూత్‌పేస్టు పూయకండి. పెద్దగా కాలితే వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లండి. చేసినవాటిని మంచు తగలకుండా మూత గట్టి డబ్బాలో పెట్టండి, లేకపోతే తెల్లారేసరికి జిగురు కడతాయి.

సండే స్కూల్ టీచర్లకు నా మనవి ఇదే. ఈ క్రిస్మస్‌కు కర్రలు పంచండి, కల్పిత కథ ముద్రించిన కాగితం మాత్రం తీసేయండి. దాని బదులు లూకా 2వ అధ్యాయం బిడ్డలచేతనే చదివించండి. రాత్రివేళ మందను కాచుకుంటున్న ఆ గొర్రెలకాపరుల దగ్గర ఆగి, అప్పుడు కర్రను చేతికివ్వండి. మిఠాయి నోట్లో కరిగిపోతుంది, వాక్యం మిగులుతుంది.

సత్యమైన దేవుడు మీ ఇంటినీ మీ బిడ్డలనూ దీవించును గాక. ఆమేన్.