కొలబద్ద ఎవరి మొహం?

ఎత్తుపళ్ళ పిల్లకి సంబంధాలు కుదరవని మన ఊళ్ళలో ఎప్పట్నుంచో అంటూనే ఉన్నారు. అది అమ్మలక్కల మాటగా ఉన్నన్నాళ్ళూ ఎదురు చెప్పగలిగాం. ఇప్పుడదే మాట డిగ్రీల్లో, మిల్లీమీటర్లలో, కంప్యూటర్ కాగితం మీద అచ్చయి వస్తోంది. పుర్రె ఎక్స్‌రే మీద గీతలు గీసి ‘మీ అమ్మాయికి ఇక్కడ ఇంత ఎక్కువుంది’ అని డాక్టరు చెబితే ఏ తల్లి వాదిస్తుంది? నా తగాదా ఆ కాగితంతోనే.

సెఫలోమెట్రీ బ్రహ్మవిద్యేమీ కాదు. చెవుల్లో రెండు పుల్లలు పెట్టి, తల కదలకుండా బిగించి, పక్కనుంచి ఎక్స్‌రే తీస్తారు. 1931లో అమెరికాలో బ్రాడ్‌బెంట్, జర్మనీలో హోఫ్రాత్ విడివిడిగా ఈ పద్ధతిని ప్రకటించారు. పుర్రె అడుగున పిట్యూటరీ గ్రంథి కూర్చునే గుంట మధ్య ఒక చుక్క, నుదురూ ముక్కూ కలిసేచోట ఒకటి, పై దవడ మీద ఒకటి, కింది దవడ మీద ఒకటి. వాటిని కలిపితే కోణాలొస్తాయి. సెసిల్ స్టైనర్ 1953లో చెప్పిన లెక్క ప్రకారం పై దవడ కోణం 82, కింది దవడది 80, రెంటికీ తేడా 2 ‘ఉండాలి’. ఆ ‘ఉండాలి’ ఎక్కణ్ణుంచి వచ్చింది?

1948లో విలియం డౌన్స్ ఇచ్చిన ప్రమాణాలకి ఆధారం 20 మంది తెల్లజాతి పిల్లలు, 12 నుంచి 17 ఏళ్ళ లోపు వాళ్ళు. అంతకు ముందు, ఈ శాస్త్రానికి పితామహుడని చెప్పుకునే ఎడ్వర్డ్ యాంగిల్ ఆదర్శంగా చూపించింది అపోలో బెల్వెడేర్ అనే పాలరాతి మగవిగ్రహాన్ని. కొలతలకి ఆధారంగా వాడే ‘ఫ్రాంక్‌ఫర్ట్ తలం’ అయితే 1880లలో జర్మన్ మానవశాస్త్రజ్ఞులు పుర్రెల్ని పోల్చుకోవడానికి ఒప్పందం చేసుకున్నది. వీళ్ళందరికంటే ముందు 18వ శతాబ్దంలోనే పెట్రుస్ కాంపర్ అనే డచ్చి శాస్త్రజ్ఞుడు మొహం కోణం కొలిచాడు. గ్రీకు విగ్రహం పైన, యూరపు మనిషి దాని తర్వాత, ఆసియా ఆఫ్రికా మనుషులు కింద, ఆ కింద కోతి. తర్వాతి జాతివాదులకి ఆ వరసే నిచ్చెన అయింది.

ఇదేదో దూరదేశపు కథ అనుకోకండి. నక్కపల్లి మద్రాసు ప్రెసిడెన్సీలోని విశాఖపట్నం జిల్లాలో ఉన్న కాలంలో, 1885 నుంచి 1908 దాకా మద్రాసు మ్యూజియం సూపరింటెండెంటుగా పనిచేసిన ఎడ్గార్ థర్‌స్టన్ దక్షిణాది మనుషుల తలలూ ముక్కులూ కొలిచాడు. రంగాచారితో కలిసి 1909లో దక్షిణ భారత కులాలు, తెగల మీద 7 సంపుటాలు వేశాడు. ముక్కు వెడల్పు పెరిగేకొద్దీ కులం అంతస్తు తగ్గుతుందని హెర్బర్ట్ రిస్లీ ఏకంగా సూత్రమే చేశాడు. మానవశాస్త్రం సిగ్గుపడి ఆ సూత్రాన్ని వదిలేసింది. మన పెళ్ళిచూపులు మాత్రం వదల్లేదు.

మా అక్కావాళ్ళది నక్కపల్లి. దాని కూతురు డిగ్రీ చదువుతోంది. నమలడానికి ఇబ్బంది లేదు, చిగుళ్ళు శుభ్రంగా ఉన్నాయి, పళ్ళు కాస్త ముందుకి ఉంటాయి, అంతే. ఒక క్లినిక్‌లో ఎక్స్‌రే తీసి, తేడా 2 ఉండాల్సింది 5 ఉందనీ, ముక్కు కొన నుంచి గడ్డానికి గీసిన గీత దాటి పెదవులున్నాయనీ తేల్చారు. పుచ్చన్నది లేని నాలుగు పళ్ళు పీకేసి క్లిప్పులు వెయ్యాలన్నారు. “ఏటి పిన్నీ, నాకు జబ్బా?” అని అడిగింది పిల్ల. “ఉపమాక గుళ్ళో పెళ్ళి చేసేనాటికి సరవ్వాలి కదే” అంది మా అక్క. వైద్యం పెట్టిన పేరేదైనా, అసలు రోగనిర్ధారణ ఆ మాటలోనే ఉంది.

ఆ కాగితం మీద ప్రమాణాలు ఎవరివో ఒక్క ముక్క రాయలేదు. 1969లోనే నందా, నందా ఉత్తర భారతీయుల మొహాలకి విడిగా కొలతలు ఇచ్చారు. ఆ తర్వాత ఎన్నో ప్రాంతాల వాళ్ళవీ వచ్చాయి. తెల్లవాళ్ళ లెక్కతో చూస్తే మనలో చాలామందికి పళ్ళూ పెదవులూ సహజంగానే ముందుకి ఉంటాయని అవి చెబుతూనే ఉన్నాయి. అలాంటప్పుడు లోపం మొహానిదా, కొలబద్దదా?

పోయిన పన్ను తిరిగి రాదు. రెండేళ్ళు తీగలు, పన్ను వేరు కొంత అరిగే ప్రమాదం, ఆ తర్వాత ఏళ్ళ తరబడి రిటైనరు. వయసుతో పెదవులు ఎలాగూ పలచబడతాయి. 18 ఏళ్ళకి వెనక్కి లాగిన పెదవి 45 ఏళ్ళకి ఎలా ఉంటుందో పెళ్ళివారికి అక్కర్లేదు. ఆ మొహంతో బతకాల్సిన పిల్లకి అక్కరే.

నేను శాస్త్రానికి వ్యతిరేకిని కాను. గ్రహణం మొర్రితో పుట్టిన పిల్లలకీ, దవడ ఆపరేషను అవసరమైన వాళ్ళకీ, ఎదుగుదల గమనించాల్సిన చోటా ఈ ఎక్స్‌రే విలువ నాకు తెలుసు. ఎత్తుపళ్ళు నచ్చక తనంతట తాను సరిచేయించుకునే అమ్మాయిని తప్పుపట్టే హక్కూ నాకు లేదు. కానీ ఈ ఎక్స్‌రే ఉన్నా లేకపోయినా చాలామందిలో చికిత్స పథకం పెద్దగా మారదని 2008లో, 2011లో అచ్చయిన అధ్యయనాలే చెప్పాయి. కోణాలు డాక్టరుకి ఆధారాల్లో ఒకటి మాత్రమే. ఇంటిల్లిపాది ముందు పెట్టేసరికి అవి తీర్పవుతున్నాయి.

మగపిల్లలకీ తీస్తారు కదా అంటారు. తీస్తారు. కానీ అబ్బాయి పళ్ళు ఎత్తని కట్నం తగ్గించుకున్న సంబంధం నేనింతవరకు చూడలేదు.

ఈ పత్రిక చదివే వాళ్ళలో యూనివర్సిటీల్లో పాఠాలు చెప్పేవాళ్ళున్నారు. థర్‌స్టన్‌నీ రిస్లీనీ మనం చరిత్ర క్లాసులో విమర్శించి ఊరుకుంటున్నాం. ఆ విమర్శ డెంటల్ కాలేజీ గడప కూడా దాటాలి. ప్రతి రిపోర్టు మీదా ఆ ప్రమాణం ఏ మనుషుల్ని కొలిచి తీసిందో, ఎప్పుడు తీసిందో రాయాలి. పళ్ళు పీకకుండా చేసే దారి ఏమిటో, ఏమీ చెయ్యకపోతే ఏమవుతుందో అమ్మాయికే, ఆమె భాషలో చెప్పాలి. సంతకం తండ్రి పెట్టేముందు ఆమెని ఒంటరిగా కూర్చోబెట్టి అడగాలి. ఆమె అక్కర్లేదంటే ఆ ఎక్స్‌రేని కవర్లో పెట్టి ఇంటికి పంపెయ్యాలి.